జిగురులో దొరికిన రెక్కలు

గుజరాత్‌లో వస్తాన్ లిగ్నైట్ గని. నల్లటి బొగ్గు మధ్య తేనెరంగు పలుకులు మెరుస్తుంటాయి. అది 5 కోట్ల ఏళ్లకు పైబడిన చెట్ల జిగురు, అంబర్. అందులో అప్పటి పురుగులు చిక్కుకుని ఉంటాయి. దాన్ని సానబట్టేవాళ్ల చేతులకు దండం పెట్టాలనిపిస్తుంది నాకు.

పెళుసు ముక్క పగలకుండా ముందు ఎపాక్సీలో పోత పోస్తారు. సన్నటి రంపంతో కోసి, తడి గరుకు కాగితం మీద కాస్త కాస్తగా అరగదీస్తారు. నాలుగు రుద్దులకోసారి మైక్రోస్కోపు కింద పెట్టి చూసుకోవాలి. వెంట్రుకవాసి ఎక్కువ అరిగినా పురుగు మీసం ఎగిరిపోతుంది. ఈ అంబర్‌కి ఇంకో గుణముంది, ద్రావకంలో కరుగుతుంది. అలా ఓపిగ్గా కరిగించి, పురుగును చెక్కుచెదరకుండా బయటికి తీసినవాళ్లున్నారు!

ఆ జిగురు కార్చింది మన గుగ్గిలం చెట్టు కుటుంబమే. భారత భూఖండం ఆసియాను తాకేదాకా ఒంటరి దీవిలా ఉండేదనుకునేవారు. అదే నిజమైతే ఇక్కడి పురుగులకు బయట దగ్గరి చుట్టాలు ఉండకూడదు. కానీ 2010లో వెలువడిన అధ్యయనం ఈ అంబర్‌లోని 700కు పైగా కీటకాలనూ వాటి బంధుజీవులనూ పరిశీలించింది. వాటికి ఐరోపాలో, ఆసియాలో, మధ్య అమెరికాలో కూడా చుట్టాలు తేలారు. ఆ చుట్టరికాన్ని పట్టిచ్చేవి నుసుమ లాంటి చిన్న పురుగు రెక్క మీది ఈనెల్లాంటి గుర్తులే. సరిగ్గా ఆ ఈనెల దగ్గరే ఎవరో రుద్దడం ఆపారు.