ఐడీ పోయింది సరే, కారణమేదీ?

ప్రతి సోమవారం మచిలీపట్నం కలెక్టరేట్‌కు అర్జీలు పట్టుకుని జనం వస్తారు. నాగాయలంక, కోడూరు, అవనిగడ్డ నుంచి కొందరు, గుడివాడ చుట్టుపక్కల ఊళ్ళ నుంచి కొందరు. పొలం హద్దు తగాదా, ఆగిపోయిన పింఛను, అడంగల్‌లో తప్పుగా పడ్డ పేరు, ఏదో ఒకటి. పని జరిగే అర్జీలకు ఒక లక్షణం ఉంటుంది. వాటిలో గోడు తక్కువ, వివరం ఎక్కువ. ఊరు, మండలం, సర్వే నంబరు, ఎన్ని సెంట్లు, ఇంతకుముందు ఏ తేదీన ఎవరికి మొరపెట్టుకున్నారు, ఇప్పుడు కావలసింది ఏమిటి, ఇవన్నీ వరసగా ఉంటాయి. అర్జీ తీసుకున్నాక రసీదు ఇస్తారు. కుదరదంటే ఎందుకు కుదరదో కాగితం మీద చెప్పాలి. ఆ జవాబు సరిగా లేదనిపిస్తే అర్జీని మళ్ళీ తెరిపించుకోవచ్చు. ఈ ఏర్పాటులో లోపాలు లేవని నేను అనను, తిరిగి తిరిగి చెప్పులు అరిగినవాళ్ళు చాలామందే ఉన్నారు. అయినా అడిగేవాడికీ జవాబు చెప్పేవాడికీ మధ్య ఉండాల్సిన మర్యాద ఏమిటో అందులో ఉంది.

ఇదే జిల్లాలో ఇంటర్‌, పాలిటెక్నిక్‌ చదివే పిల్లలు ఇప్పుడు ఇంకో రకం అర్జీ రాస్తున్నారు. ఆన్‌లైన్ గేమ్‌లో ఐడీ బ్యాన్ అయింది, దాన్ని ఎత్తేయండి అని కంపెనీకి పెట్టుకునే అప్పీలు అది. పెద్దవాళ్ళకు ఇది పట్టించుకోదగ్గ సంగతిగా కనిపించదు. నాకు కనిపిస్తుంది. తన మీద పడ్డ నిందకు తానే జవాబు రాసుకోవలసిన అవసరం చాలామంది పిల్లలకు మొదట ఎదురయ్యేది ఇప్పుడు ఇక్కడే. డబ్బు పందెం పెట్టి ఆడే రమ్మీ వగైరాల గురించి నేను మాట్లాడడం లేదు. వాటిని మన రాష్ట్రం 2020లో నిషేధించింది, 2025 ఆగస్టులో వచ్చిన కేంద్ర చట్టం దేశమంతటా నిషేధించింది. నేను చెప్పేది అందరూ ఇప్పటికీ పబ్జీ అనే పిలిచే బీజీఎంఐ, ఫ్రీఫైర్, కౌంటర్ స్ట్రైక్, ఆన్‌లైన్ చదరంగం లాంటి ఆటల గురించి. నా వాదన ఒక్కటే. అప్పీలు రాయడం ఒక పనితనం, శ్రద్ధగా నేర్చుకోదగ్గది. కానీ ఏ తప్పుకు బ్యాన్ చేశారో చెప్పనంత కాలం, ఎంత పనిమంతుడు రాసినా అది చీకట్లో వేసిన బాణమే.

ముందు పనితనం సంగతి చూద్దాం. ఇలాంటి అప్పీళ్ళు సాధారణంగా ఎలా ఉంటాయంటే: ‘సార్, నేను ఏ హ్యాకూ వాడలేదు, ఎన్నో ఏళ్ళుగా ఆడుతున్నాను, స్కిన్లకు బోలెడు డబ్బు పెట్టాను, ప్లీజ్ నా ఐడీ ఇచ్చేయండి.’ ఇందులో ప్రతి మాటా నిజమే కావచ్చు. అవతల కూర్చుని చదివేవాడికి మాత్రం ఇందులో పట్టుకోవడానికి ఏమీ దొరకదు. తప్పు చేసినవాడూ సరిగ్గా ఇవే మాటలు రాస్తాడు. అతనికి కావలసింది ప్లేయర్ ఐడీ నంబరు. తెర మీద కనిపించే పేరు ఎప్పుడైనా మార్చుకోవచ్చు కాబట్టి అది చాలదు. బ్యాన్ మెసేజ్ ఏ తేదీన ఏ సమయానికి వచ్చిందో చెప్పాలి, దాని స్క్రీన్‌షాట్ పెట్టాలి. ఏ ఫోన్, కొత్తదా సెకండ్‌హ్యాండ్‌దా, ఆ సమయంలో అందులో ఇంకే యాప్‌లు నడుస్తున్నాయి, ఆ ఐడీతో ఇంకెవరైనా లాగిన్ అవుతారా, ఇవి చెప్పాలి. ఆఖరున ఒక్క వాక్యంలో ఏం కోరుతున్నారో చెప్పాలి. ఇంత రాసినా అరపేజీ దాటదు.

అన్నిటికన్నా ముందు తేల్చుకోవలసింది, తన అప్పీలు ఏ రకానిదో. నేను చేయలేదు అనేది ఒకటి. నా ఐడీతో వేరేవాడు చేశాడు అనేది ఇంకొకటి. చేశాను, కానీ శిక్ష పెద్దది అనేది మూడోది. మూడూ కలిపి రాస్తే మూడూ చెడతాయి. మూడో రకానికి మన దేశంలోనే ఒక ఉదాహరణ ఉంది. 2021 జూన్‌లో కోవిడ్ సాయం కోసం విశ్వనాథన్ ఆనంద్‌తో జరిగిన ఆన్‌లైన్ ఆటలో జెరోధా సంస్థ సహ వ్యవస్థాపకుడు నిఖిల్ కామత్ గెలిచారు. చెస్.కామ్ ఆయన ఖాతాను మూసేసింది. కంప్యూటర్ల సాయం, ఇతరుల సాయం తీసుకున్నానని ఆయన బహిరంగంగా ఒప్పుకున్నారు. ఆ ఆట రేటింగ్ లెక్కలోకి రాదు, ఆనంద్ కూడా విషయాన్ని సాగదీయదలచలేదు. చెస్.కామ్ ఖాతాను తిరిగి తెరిచింది. తప్పు ఎంతటిదో బయటికి తెలిసింది కాబట్టే దానికి శిక్ష ఎంత ఉండాలన్న చర్చ సాధ్యమైంది.

మొదటి రకం, అంటే నేను చేయలేదు అనేది, అన్నిటిలోకి కష్టమైనది. ఎందుకో చెప్పడానికి మన ఊళ్ళ పరిస్థితే చాలు. తక్కువ ధర ఫోన్‌లో గేమ్ నత్తనడక నడుస్తుంటే, గ్రాఫిక్స్ తగ్గించి వేగం పెంచే జీఎఫ్ఎక్స్ టూల్ అనే యాప్‌ను చాలామంది వేసుకుంటారు. అది గోడల అవతలి శత్రువును చూపించదు, గురి తనంతట తాను కుదర్చదు. అందుకని వేసుకున్నవాడు దాన్ని హ్యాక్ అనుకోడు. కంపెనీ నిబంధనల్లో మాత్రం గేమ్ ఫైళ్ళను మార్చే బయటి సాఫ్ట్‌వేర్ ఏదైనా తప్పే. ‘నేను హ్యాక్ వాడలేదు’ అని మనస్ఫూర్తిగా రాసే కుర్రాడు, తన దృష్టిలో నిజం చెబుతూనే కంపెనీ దృష్టిలో అబద్ధం చెబుతున్నాడు. కొన్ని బ్యాన్లు ఐడీతో ఆగకుండా ఫోన్‌కే పడతాయి. సెకండ్‌హ్యాండ్ ఫోన్ కొన్నవాడికి పాత యజమాని చేసిన తప్పు ఆ ఫోన్‌తో పాటే రావచ్చు. మొబైల్ డేటా విషయానికొస్తే, ఒకే ఇంటర్నెట్ చిరునామాను నెట్‌వర్క్ కంపెనీలు ఎంతోమందికి కలిపి పంచుతాయి. ఆ చిరునామా మీద నిషేధం పడితే ముక్కూమొహం తెలియనివాళ్ళు కూడా అందులో ఇరుక్కుంటారు. తుపాను రోజుల్లో దివిసీమలో కరెంటు, నెట్ పోవడం అందరికీ తెలిసిందే. మ్యాచ్ మధ్యలో వదిలి వెళ్ళినవాళ్ళను కొంతసేపు ఆడనివ్వని గేముల్లో, కావాలని వెళ్ళినవాడూ నెట్ పోయినవాడూ ఒకే లెక్కలో పడతారు. 2023 డిసెంబరు 5న మిచౌంగ్ తుపాను బాపట్ల దగ్గర తీరం దాటినప్పటిలాంటి సందర్భమైతే, ఆ రోజు పేపరు కటింగు జతచేయడం వంద ప్లీజ్‌ల కన్నా మేలు. అయితే ఏ కారణంతో బ్యాన్ పడిందో తెలిస్తేనే ఏ కటింగు జతచేయాలో తెలుస్తుంది.

యంత్రం పొరబడదు అనేవాళ్ళు 2010 జులైని గుర్తు చేసుకోవాలి. గేమ్‌లు అమ్మే స్టీమ్ వేదికను నడిపే వాల్వ్ కంపెనీ, మోడర్న్ వార్‌ఫేర్ 2 ఆడే సుమారు 12,000 మందిని మోసగాళ్ళుగా ముద్రవేసి బ్యాన్ చేసింది. తర్వాత తేలిందేమిటంటే, స్టీమ్ డిస్కులో ఉన్న ఫైలును కొత్తదిగా మార్చింది, మెమరీలో నడుస్తున్న ప్రతి పాతదిగానే ఉండిపోయింది. రెండూ పొసగకపోయేసరికి ఆటగాడే ఫైలును మార్చాడని యంత్రం నమ్మింది. కంపెనీ అధిపతి గేబ్ న్యూవెల్ క్షమాపణ చెప్పి, బ్యాన్లు ఎత్తేసి, ఇంకో గేమ్‌ను ఉచితంగా ఇచ్చారు. 2023 అక్టోబరులో మళ్ళీ ఇలాంటిదే జరిగింది. ఏఎండీ కంపెనీ గ్రాఫిక్స్ డ్రైవర్‌తో ఇచ్చిన యాంటీ ల్యాగ్ ప్లస్ అనే సదుపాయాన్ని ఆన్ చేసుకున్నందుకు కౌంటర్ స్ట్రైక్ 2 ఆటగాళ్ళ మీద బ్యాన్లు పడ్డాయి. ఏఎండీ ఆ డ్రైవర్‌ను వెనక్కి తీసుకుంది. వాల్వ్ వేసే ఈ తరహా బ్యాన్‌ మీద బేరం లేదని, అది శాశ్వతమని వాళ్ళ నిబంధనే చెబుతుంది. 2010లో దెబ్బతిన్న 12,000 మందిలో ఏ ఒక్కరికీ తన కంప్యూటర్ లోపల ఏ ఫైలు ఏమైందో తెలిసే దారి లేదు. తెలియనిదాని మీద ఏమని రాస్తారు?

దీనికి ఎదురుగా పెట్టి చూడదగ్గ సంఘటన ఒకటి ఉంది. గుడివాడలో పుట్టిన కోనేరు హంపికి అందులో పాత్ర ఉంది కాబట్టి మన పాఠకులకు గుర్తుండే ఉంటుంది. 2020 ఆగస్టులో అంతర్జాతీయ చెస్ సమాఖ్య ఫిడే తొలి ఆన్‌లైన్ చెస్ ఒలింపియాడ్‌ను చెస్.కామ్ వేదికగా నిర్వహించింది. ఆగస్టు 28న క్వార్టర్ ఫైనల్లో మన నిహాల్ సరీన్‌తో ఆడుతున్న ఆర్మేనియా ఆటగాడు కనెక్షన్ తెగి, సమయం అయిపోయి ఓడిపోయాడు. ఆర్మేనియా అప్పీలు చేసింది. అప్పీలు నెగ్గలేదు. ఆర్మేనియా నిరసనగా తప్పుకుంది. సెమీఫైనల్లో పోలండ్ మీద విజేతను తేల్చే ఆఖరి ఆర్మగెడాన్ ఆటను గెలిచి హంపి మనవాళ్ళను ఫైనల్‌కు చేర్చారు. ఆగస్టు 30న రష్యాతో ఫైనల్ రెండో మ్యాచ్‌లో నిహాల్ సరీన్‌కూ దివ్య దేశ్‌ముఖ్‌కూ కనెక్షన్ పోయింది, ఇద్దరూ సమయం మీద ఓడారు. ఈసారి అప్పీలు చేసింది భారత్. సరిగ్గా ఆ గంటల్లోనే క్లౌడ్‌ఫ్లేర్ అనే ఇంటర్నెట్ సంస్థ సేవలకు ప్రపంచవ్యాప్తంగా అంతరాయం కలిగిందని, దానివల్లే చెస్.కామ్ దెబ్బతిన్నదని రుజువుంది. అప్పీళ్ళ కమిటీలో ఏకాభిప్రాయం కుదరకపోవడంతో ఫిడే అధ్యక్షుడు అర్కాడీ ద్వోర్కోవిచ్ రెండు జట్లకూ స్వర్ణం ప్రకటించారు. రెండు రోజుల తేడాలో ఒకే రకం కష్టం మీద రెండు అప్పీళ్ళు, రెండు వేర్వేరు ఫలితాలు. ఆర్మేనియాకు అన్యాయం జరిగిందా అన్నది ఇప్పటికీ వాదించుకోవచ్చు. వాదించుకోగలుగుతున్నాం అంటే, కనెక్షన్ ఎక్కడ తెగిందన్న ప్రశ్న అందరి ముందూ ఉంది కాబట్టే.

ఇక్కడ వచ్చే మొదటి అభ్యంతరం బలమైనదే. కారణం చెబితే మోసగాళ్ళు దాన్ని చదివి, దొరక్కుండా ఎలా ఆడాలో నేర్చుకుంటారు అని. నిజమే, పట్టుకునే పద్ధతిని బయటపెట్టమని నేనూ అడగను. అడిగేది వేరు. ఏ తేదీన, ఏ మ్యాచ్‌లో, ఏ కోవకు చెందిన తప్పు: గురి కుదిర్చే హ్యాకా, ఫైళ్ళ మార్పా, ఐడీ అమ్మకమా, బూతు మాటలా, ముందే నిషేధించిన ఫోనా? ఈ మాత్రం చెబితే యంత్రం గుట్టు ఏమీ బయటపడదు. క్రీడల్లో డోపింగ్ పరీక్ష చూడండి. అక్కడా దొంగలు పరీక్షలను తప్పించుకునే మార్గాలు వెతుకుతూనే ఉంటారు. అయినా ఏ పదార్థం దొరికిందో క్రీడాకారుడికి చెప్పి తీరాలి. అతను అడిగితే బీ శాంపిల్‌ను పరీక్షించాలి, అతని వాదన వినాలి, ఆపైన అప్పీలు ఉండాలి. 2025 చట్టం ఈ-స్పోర్ట్స్‌ను పోటీ క్రీడగా గుర్తించింది. క్రీడ అని చట్టమే ఒప్పుకున్నాక, క్రీడాకారుడికి ఉండే ఈ కనీస హక్కు దాన్ని ఆడేవాడికి మాత్రం ఎందుకు ఉండకూడదు?

రెండో అభ్యంతరం: ఇది ప్రైవేటు కంపెనీ సొత్తు, నిబంధనలకు ‘ఒప్పుకుంటున్నాను’ అని నొక్కి లోపలికి వచ్చారు, ఇందులో సహజ న్యాయం ఏమిటి? 1977లో మేనకా గాంధీ పాస్‌పోర్టు తీసేసుకుని కారణం చెప్పడానికి నిరాకరించింది ప్రభుత్వం. సహజ న్యాయం పాటించాలంటూ 1978లో సుప్రీంకోర్టు ఇచ్చిన ప్రసిద్ధ తీర్పు కూడా ప్రభుత్వానికే వర్తిస్తుంది. గేమ్ కంపెనీని ఆ బోనులో నిలబెట్టలేమని ఒప్పుకుంటాను. చట్టం బలవంతం లేకపోయినా కంపెనీలు ఒక్కసారి తమ అనుభవాన్నే తలచుకోవాలి. 2022 జులై 28న బీజీఎంఐ భారత్‌లోని యాప్ స్టోర్ల నుంచి మాయమైంది. క్రాఫ్టన్ కంపెనీ ప్రభుత్వంతో మాట్లాడింది. సర్వర్లు ఎక్కడున్నాయి, సమాచారానికి భద్రత ఉందా అన్న అభ్యంతరాలు ఏమిటో దానికి తెలిశాయి, వాటిని సరిదిద్దుకుంది. 2023 మేలో మూడు నెలల పరిశీలన షరతు మీద ఆట తిరిగి వచ్చింది. అభ్యంతరం ఏమిటో తెలిసింది కాబట్టే జవాబివ్వగలిగారు. సుమారు పది నెలల్లో ఒక పెద్ద కంపెనీకి దొరికిన ఆ అవకాశాన్నే గుడివాడ కుర్రాడు అడుగుతున్నాడు.

ఇన్ని లక్షల ఐడీలకు కారణాలు రాస్తూ కూర్చుంటామా అనేది మూడోది. దీని మీద ఎక్కువసేపు ఆగనక్కర్లేదు. బ్యాన్ వేసేది యంత్రం, వేసేటప్పుడే ఏ నిబంధన కింద వేసిందో దాని రికార్డులో ఉంటుంది. ఆ వాక్యాన్ని ఆటగాడికి పంపడానికి అదనంగా మనుషులు అక్కర్లేదు. అప్పీలు వచ్చినవాటిని చదవడానికి మాత్రం మనుషులు కావాలి, ఆ ఖర్చు కంపెనీ భరించాల్సిందే. స్కిన్ల అమ్మకం మీద ఆదాయం వచ్చేది ఈ ఆటగాళ్ళ నుంచే.

ఇళ్ళల్లో పెద్దవాళ్ళకు ఒక మనవి. ఐడీ పోయిందని పిల్లవాడు దిగులుగా ఉంటే పీడా పోయిందనకండి. పక్కన కూర్చుని ఆ అరపేజీ రాయించండి. ఫోన్‌లో జీఎఫ్ఎక్స్ టూల్ లాంటిది ఉంటే ఉందనే రాయమనండి. డబ్బిస్తే అన్‌బ్యాన్ చేయిస్తామని టెలిగ్రామ్‌లో తగులుకునేవాళ్ళకు రూపాయి పంపనివ్వకండి, పాస్‌వర్డ్ అసలే ఇవ్వనివ్వకండి. ప్రభుత్వానికి ఇంకొకటి. సోషల్ మీడియా కంపెనీల మీద ఫిర్యాదు అందితే 24 గంటల్లో అందిందని చెప్పాలి, గడువులోగా తేల్చాలి అని 2021 ఐటీ నిబంధనల్లో ఉంది. ఆ జవాబు నచ్చకపోతే 30 రోజుల్లోపు వెళ్ళడానికి 2023లో అప్పీలు కమిటీలు కూడా వచ్చాయి. గేమ్ ఐడీ బ్యాన్లకూ ఇదే దారి ఉందని 2025 చట్టం కింద స్పష్టంగా రాసిపెట్టండి. అందులో మొదటి షరతుగా, బ్యాన్ మెసేజ్‌లోనే తేదీ, మ్యాచ్, తప్పు కోవ, అప్పీలు గడువు ఉండి తీరాలని చేర్చండి.