అడిగి ఆగే విద్య

కామారెడ్డి, ఎల్లారెడ్డి వైపు పల్లెల్లో బీడీలు చేసే ఇళ్ళు చాలా. ఒళ్ళో చాట, చాటలో తునికాకు, తంబాకు. ఆ చాట ముందు కూర్చుని "దగ్గు ఉందా, లేదా?" అని గడులు నింపుకుపోవడం ఎవరికైనా వచ్చు. "అక్కా, దినమంతా కూసుంటే పానం ఎట్లుంటది?" అని అడిగి, నోరు మూసుకుని ఆగడంలో ఉంది పనితనం.

ఆరోగ్యం, చదువుల మీద పరిశోధించేవాళ్ళు దీన్ని సెమీ స్ట్రక్చర్డ్ ఇంటర్వ్యూ అంటారు. చేతిలో ప్రశ్నల కాగితం ఉంటుంది. వరస మాత్రం ఎదుటి మనిషిది. ఆమె నడుం నొప్పి నుంచి కూతురు బడి మానేసిన సంగతికి మళ్ళితే అడిగేవారూ అటే పోవాలి, మిగిలిన ప్రశ్నలు మరవకుండా. అత్త వచ్చి గడపలో కూర్చుంటే జవాబులు మారిపోతాయి. అది పసిగట్టి, ఒంటి సంగతులు పక్కనపెట్టి బియ్యం ధర దగ్గరికి మాట మళ్ళించేవారిని మెచ్చుకోవాల్సిందే. రికార్డరు నొక్కే ముందు అనుమతి, వద్దంటే లేచి రావడం ఎలాగూ తప్పవు.

2002లో ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో మొదలైన 'యంగ్ లైవ్స్' అధ్యయనం దాదాపు 3,000 మంది పిల్లల్ని సర్వేలతో వెన్నంటి చూసింది. 2007 నుంచి వాళ్ళలో కొందరితో తీరిగ్గా మాట్లాడడమూ మొదలుపెట్టింది. బడికి పోతున్నారో లేదో పట్టిక చెబుతుంది. పత్తి చేలో పనికి ఎందుకు పోయారో పిల్లలే చెప్పాలి.

అసలు చాకిరీ ఆ తర్వాత. గంట మాటను పొల్లుపోకుండా, నవ్వులతో సహా రాయడానికి నాలుగైదు గంటలైనా పడుతుంది. "ఏమైతది సారూ" అన్నదాన్ని "ఏమవుతుంది" అని దిద్దేవాళ్ళ మీద నాకు కోపం.