కన్నతల్లిని వెతికే కథలు: 'లయన్', 'అమృత' చిత్రాల విమర్శ

5.0 లక్ష్యాలు

ఈ భాగం చదివిన తరవాత మీరు:
- దేశాంతర దత్తత ఇతివృత్తంగా వచ్చిన రెండు చిత్రాలను పోల్చి చూడగలుగుతారు.
- ఇలాంటి కథల్లో కన్నతల్లికి ఎంత చోటు దక్కిందో గుర్తించగలుగుతారు.
- తెరమీది వెతుకులాటకూ, మన ప్రాంతం నుంచి దత్తత వెళ్ళినవారి వెతుకులాటకూ ఉన్న తేడాను వివరించగలుగుతారు.

5.1 పరిచయం

దత్తత, పెంపకం మన సాహిత్యానికి కొత్త విషయాలు కావు. తిక్కన ఉద్యోగపర్వాన్ని గుర్తుచేసుకోండి. సంధి ప్రయత్నం విఫలమయ్యాక కృష్ణుడు కర్ణుడితో అతని జన్మరహస్యం ప్రస్తావించి, పాండవుల్లో పెద్దవాడివి నువ్వే, రాజ్యం నీదే అంటాడు. కర్ణుడు ఒప్పుకోడు. తనను పెంచిన రాధను, అధిరథుణ్ణి కాదనలేనంటాడు. ఆ తరవాత కుంతి కూడా వచ్చి అడుగుతుంది.

ఈ ఘట్టంలో సాధారణంగా మనం కర్ణుడి కృతజ్ఞతను మెచ్చుకుంటాం. అయితే ఆ మాట ఎప్పుడు బయటికి వచ్చిందో కూడా చూడండి. కుమారాస్త్రవిద్యా ప్రదర్శనలో కులం పేరెత్తి కర్ణుణ్ణి అవమానించినప్పుడు కుంతి అక్కడే ఉంది, కానీ నోరు విప్పలేదు. యుద్ధం ముంచుకొచ్చి, అతని సాయం కావలసి వచ్చినప్పుడు మాత్రం అందరూ అతని పుట్టుక గురించి మాట్లాడారు. ఒక మనిషి పుట్టుకకు సంబంధించిన సమాచారం ఎవరి దగ్గర ఉంది? అది ఎవరి అవసరం కోసం బయటపడింది? దత్తత కథను దేన్ని చదివినా ఈ ప్రశ్నలు వేసుకోవచ్చు.

కర్ణుడికి లేని ఇబ్బంది ఒకటి నేటి దేశాంతర దత్తతలో ఉంది. కర్ణుడు తల్లి మారినా భాష మారని చోట పెరిగాడు. పసితనంలో విదేశానికి వెళ్ళిన బిడ్డకు ఇల్లు, భాష, పేరు, చుట్టూ ఉన్నవారి ఒంటిరంగు ఒకేసారి మారిపోతాయి.

5.2 'లయన్': పటం మీద దొరికిన ఊరు

'లయన్' చిత్రం 2016లో వచ్చింది. దర్శకుడు గార్త్ డేవిస్. సరూ బ్రైర్లీ తన జీవితం గురించి రాసిన 'ఎ లాంగ్ వే హోమ్' అనే పుస్తకం దీనికి ఆధారం. మధ్యప్రదేశ్‌లోని ఖండ్వాకు చెందిన అయిదేళ్ళ పిల్లవాడు 1986లో అన్న వెంట బుర్హాన్‌పూర్ స్టేషనుకు వెళ్ళి, ఖాళీ రైలు పెట్టెలో నిద్రపోయి, కలకత్తాలో తేలతాడు. 1987లో ఆస్ట్రేలియాలోని టాస్మానియాకు చెందిన దంపతులు అతన్ని దత్తత తీసుకుంటారు. పెద్దయ్యాక అతను గూగుల్ ఎర్త్ సాయంతో ఊరు వెతికి, 2012లో తల్లిని కలుసుకుంటాడు.

చిత్రం మొదటి సగం బలమైనది. కెమెరా పిల్లవాడి ఎత్తులోనే తిరుగుతుంది. బెంగాలీ అర్థంకాని అతనికి హౌరా స్టేషను ఎంత పరాయిదో మాటలు లేకుండానే మనకు తెలుస్తుంది. పెద్దవాడైన సరూ భారతీయ స్నేహితుల మధ్య జిలేబీ చూసి చలించిపోయే దృశ్యం కూడా మంచిదే. పోయిన ఊరి పేరు గుర్తులేకపోయినా, ఆ ఊళ్ళో కోరుకుని దొరకనిది గుర్తుంటుందని అది చెబుతుంది.

రెండో సగంలో వెతుకులాట లెక్కగా మారుతుంది. రైలు వేగాన్ని ప్రయాణించిన గంటలతో హెచ్చవేసి, కలకత్తా చుట్టూ వృత్తం గీసి, ఆ పరిధిలోని స్టేషన్లు ఒక్కొక్కటే చూడటం ఇందులో కనిపిస్తుంది. అతనికి గుర్తున్న ఊరి పేరు ఏ పటంలోనూ ఉండదు. 'గణేశ్ తలాయి' అన్న బస్తీ పేరు పసినోట్లో వేరే మాటగా మారిపోయింది. సొంత పేరూ అంతే. 'షేరూ' కాస్తా 'సరూ' అయింది. షేరూ అంటే సింహం అని అతనికి తెలిసింది పాతికేళ్ళ తరవాత. చిత్రం పేరు అక్కడి నుంచే వచ్చింది.

ఇక లోపం చూద్దాం. పెంచిన తల్లికి ఈ చిత్రం ఒక పెద్ద సన్నివేశం ఇచ్చింది. తాను దత్తత ఎందుకు కోరుకున్నదీ ఆమె కొడుకుకు వివరంగా చెబుతుంది. కన్నతల్లికి అలాంటి సన్నివేశం లేదు. రాళ్ళు మోసే కూలీగా, జ్ఞాపకంగా, చివరికి కన్నీళ్ళుగా మాత్రమే ఆమె కనబడుతుంది. కొడుకు వస్తాడన్న ఆశతో ఆ ప్రాంతం విడిచిపెట్టకుండా పాతికేళ్ళు గడిపిన మనిషి ఆమె. ఆ నిరీక్షణే మరో చిత్రానికి సరిపడే కథ. తల్లీకొడుకులు కలిసినప్పుడు వారికి ఉమ్మడి భాష లేదు. మధ్యలో ఇంకొకరు అనువదించవలసి వచ్చింది. చిత్రం ఆ సంగతిని చూపించి త్వరగా దాటిపోతుంది. ఊరు దొరకడంతో కథ ముగిసినట్టు మనకు అనిపిస్తుంది. నిజానికి ఆ భాష లేమి దగ్గర మరో కథ మొదలవుతుంది.

5.3 'అమృత': జవాబు దొరకని ప్రశ్నలు

మణిరత్నం 2002లో తమిళంలో తీసిన చిత్రం తెలుగులో 'అమృత'గా వచ్చింది. శ్రీలంక యుద్ధం నుంచి తప్పించుకుని రామేశ్వరం శిబిరం చేరిన యువతి బిడ్డను కని, అక్కడే వదిలి వెనక్కి వెళ్ళిపోతుంది. చెన్నైలో ఒక రచయిత కుటుంబం ఆ పాపను పెంచుతుంది. తొమ్మిదో పుట్టినరోజున తల్లిదండ్రులు పాపకు నిజం చెబుతారు. ఆ తరవాత కన్నతల్లిని వెతుకుతూ ముగ్గురూ శ్రీలంక వెళతారు.

ఈ చిత్రం కన్నతల్లి కథతోనే మొదలవుతుందని గమనించండి. ఆమె పెళ్ళి, భర్తకు దూరం కావడం, పడవ ప్రయాణం, ప్రసవం మనకు ముందే తెలుసు. అందువల్ల పాప 'నన్నెందుకు వదిలేశావు' అని అడిగినప్పుడు ప్రేక్షకుడు ఇద్దరి వైపూ నిలబడగలుగుతాడు. పాప రాసుకొచ్చిన ప్రశ్నలకు తల్లి జవాబు చెప్పలేకపోతుంది. యుద్ధం ముగిసిన రోజు చూద్దామన్నట్టు విడిపోతారు. కలయిక జరిగినా లోటు తీరలేదని ఒప్పుకునే ముగింపు ఇది.

అయితే ఈ చిత్రానికి ఒక సౌలభ్యం ఉంది. తల్లీబిడ్డల భాష ఒకటే, రంగు ఒకటే. సముద్రం దాటినా మాట దాటిపోలేదు. పాప తన ప్రశ్నను నేరుగా అడగగలిగింది. సరూకు ఆ అవకాశం లేదు. రెండు చిత్రాలనూ పక్కపక్కన పెట్టినప్పుడే భాష ఎంత పెద్ద నష్టమో మనకు స్పష్టమవుతుంది.

5.4 'మారేడ్‌పల్లి' అన్న ఒక్క మాట

ఇప్పుడు ఈ వెతుకులాటను మన ఊరికి తెచ్చి చూద్దాం. యూరప్‌లో పెరిగిన ఒక యువతి చేతిలో ఉన్న కాగితంలో 'మారేడ్‌పల్లి, సికింద్రాబాద్' అని మాత్రమే ఉందనుకోండి. ఇది ఊహే, కానీ ఇందులోని చిక్కులు నిజమైనవి. మారేడ్‌పల్లి తూర్పు, పడమర అని రెండు. ఇంగ్లీషులో ఆ పేరును ఒక 'ఆర్' తోనూ, రెండు 'ఆర్'లతోనూ రాస్తారు. కాగితం కాక పసి జ్ఞాపకమే ఆధారమైతే, అది మారేడ్‌పల్లో, హైదరాబాద్ వైపున్న మల్లేపల్లో తేల్చడం కష్టం. ఆ పేరు వినగానే తెలుగు చెవికి మారేడు చెట్టు, శివుడి పూజకు కోసే పత్రి గుర్తొస్తాయి. ఆమెకు మాత్రం అవి కొన్ని అక్షరాలు. ఉపగ్రహ పటం ఆమెకు వీధిని చూపించగలదు, చెట్టును వినిపించలేదు.

అంతకన్నా పెద్ద చిక్కు ఆ కాగితం నిజం చెబుతోందా అన్నది. 1999లోనూ, 2001లోనూ హైదరాబాద్‌లోని కొన్ని దత్తత సంస్థల మీద పోలీసు కేసులు వచ్చాయి. తెలంగాణ జిల్లాల్లోని లంబాడా తండాల నుంచి ఆడశిశువులను కొద్ది డబ్బుకు తెచ్చి, తల్లిదండ్రులే ఇష్టపడి వదులుకున్నట్టు పత్రాలు పుట్టించారన్నది ముఖ్య ఆరోపణ. 2001లో అప్పటి ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం అలా వదులుకున్న పిల్లలను దత్తత ఇచ్చే పద్ధతిని నిలిపివేసింది. అలాంటి ఫైలులో తల్లి వేలిముద్ర ఉండవచ్చు, ఆమె మాట ఉండకపోవచ్చు. సరూ తప్పిపోయిన పిల్లవాడు, కాబట్టి అతని కథలో దోషం ఒక రైలుది. ఇలాంటి ఫైలు వెంట వచ్చినవారు ఎదుర్కొనే ప్రశ్న వేరు: 'అమ్మ నన్ను ఇచ్చిందా, నా కోసం ఏడ్చిందా, అసలు ఆమెను ఎవరైనా అడిగారా?'

చట్టం కూడా ఈ విషయంలో నెమ్మదిగానే కదిలింది. 1984లో లక్ష్మీకాంత్ పాండే కేసులో జస్టిస్ భగవతి ఇచ్చిన సుప్రీంకోర్టు తీర్పు దేశాంతర దత్తతకు మొదటిసారి గట్టి నియమాలు పెట్టింది. యుక్తవయసు వచ్చిన బిడ్డకు కన్నవారి వివరాలు చెప్పడం తప్పుకాదంది, కానీ చెప్పడమా మానడమా అన్నది పెంచినవారి విచక్షణకు వదిలింది. 2003లో భారతదేశం హేగ్ ఒప్పందాన్ని ఆమోదించింది. బిడ్డ పుట్టుపూర్వోత్తరాల సమాచారాన్ని భద్రపరచాలని ఆ ఒప్పందం చెబుతుంది. నేటి దత్తత నిబంధనల ప్రకారం 18 ఏళ్ళు నిండిన వ్యక్తి తన మూలాల కోసం తానే దరఖాస్తు చేసుకోవచ్చు. అయితే ఆ హక్కు కన్నవారి గోప్యతను భంగపరచకూడదు. పెళ్ళికి ముందు బిడ్డను కని, ఆ సంగతి దాచుకుని బతుకుతున్న స్త్రీని తలచుకుంటే ఈ షరతు ఎందుకో మీకు అర్థమవుతుంది. కుంతి భయం ఇంకా పాతబడలేదు.

5.5 మూల్యాంకనం

వెతుకులాట కథను కలయిక దృశ్యం రాబట్టిన కన్నీళ్ళతో కొలవడం సరిపోదు. కన్నతల్లి ఆ కథలో మాట్లాడిందా లేదా అన్నది అంతకన్నా మంచి కొలత. ఆ కొలతతో చూస్తే, వెతుకులాటను చిత్రించడంలో 'లయన్' నిపుణమైనదే, కానీ వెతకబడిన మనిషి దగ్గర తడబడింది. 'అమృత' వెతకబడిన మనిషికి కథ ఇచ్చింది, కానీ భాష పోయిన బిడ్డ కష్టం దాని పరిధిలోకి రాలేదు. తండా నుంచి విదేశానికి వెళ్ళిన బిడ్డ, ఆ బిడ్డను కన్న తల్లి ఇద్దరూ సమానంగా మాట్లాడే కథను మనం ఇంకా కోరుకోవలసే ఉంది. తెలుగులో అది రావాలంటే రచయిత ముందుగా చేయవలసిన పని ఆ తల్లి మాట వినడం.

మీ ప్రగతిని పరీక్షించుకోండి

1. 'లయన్'లో పెంచిన తల్లికి, కన్నతల్లికి దక్కిన ప్రాధాన్యాన్ని పోల్చి ఒక పేరా రాయండి.
2. 'అమృత' కన్నతల్లి కథతో మొదలుకావడం వల్ల ముగింపులో వచ్చిన ప్రయోజనం ఏమిటి?
3. మూలాలు తెలుసుకునే హక్కు, కన్నవారి గోప్యత ఎదురెదురుగా నిలిచినప్పుడు మీరు దేనివైపు ఉంటారు? కర్ణుడి ఉదంతాన్ని ఆధారం చేసుకుని సుమారు 150 మాటల్లో చర్చించండి.