రఘుపతి ప్రకాశ్: చిత్రాలు మిగలని దర్శకుడు

తెలుగు చలనచిత్ర పితామహుడుగా రఘుపతి వెంకయ్యనాయుడు పేరు సుప్రసిద్ధం. ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 1980లో ఆయన పేరిట పురస్కారం నెలకొల్పి ఆ కీర్తిని సుస్థిరం చేసింది. ఆయన కుమారుడు, దర్శకుడు రఘుపతి సూర్యప్రకాశ్ పట్ల చరిత్ర ఇంతటి ఔదార్యం చూపలేదు. తండ్రిని గూర్చిన వ్యాసాలలో ఒకటి రెండు వాక్యాలకే ఆయన ప్రస్తావన పరిమితం కావడం పరిపాటి అయింది. ఈ అంచనా సమంజసమైనది కాదు.

మచిలీపట్నానికి చెందిన వెంకయ్య మద్రాసులో ఛాయాగ్రాహకుడుగా స్థిరపడి, క్రోనోమెగాఫోన్ యంత్రంతో ఊరూరా ప్రదర్శనలు ఇచ్చి, 1914లో గెయిటీ థియేటర్ నిర్మించారు. ఆయన కృషి ప్రధానంగా ప్రదర్శన రంగానికి చెందినది. చిత్రనిర్మాణ విద్యను లండన్‌లో అభ్యసించి మద్రాసుకు తెచ్చినవారు ప్రకాశ్. 1921లో తండ్రీకొడుకులు స్టార్ ఆఫ్ ది ఈస్ట్ సంస్థను స్థాపించి, సూర్యకాంతిలో చిత్రీకరణకు వీలుగా అద్దాల స్టూడియో కట్టారు.

ఆ సంస్థ నిర్మించిన 'భీష్మ ప్రతిజ్ఞ'కు ప్రకాశ్ దర్శకత్వం వహించడమే కాక భీష్మ పాత్ర కూడా ధరించారు. గంగగా పెగ్గీ కాస్టెల్లో అనే ఆంగ్ల నటి నటించింది. కథాంశం ఎంపికలో ఒక సాహసం ఉన్నది. ప్రతిజ్ఞ అంటే మాట. మాట వినిపించని మాధ్యమంలో మాటకు కట్టుబడిన వీరుని కథ చెప్పాలంటే ముఖకవళికలు, అంగవిన్యాసం, తెరపై అక్షరాలు తప్ప మరో ఆధారం లేదు. ప్రేక్షకులకు కథ ముందే తెలిసి ఉండటం ఆ లోటును కొంత పూరించింది. పౌరాణికం ఇక్కడ భక్తికే కాదు, భావప్రసారానికీ అక్కరకు వచ్చింది.

ప్రకాశ్ వద్ద పని నేర్చిన సి. పుల్లయ్య 1934లో 'లవకుశ'ను, వై.వి. రావు 1937లో 'చింతామణి'ని రూపొందించి టాకీయుగానికి పునాదులు వేశారు. శిష్యుల చిత్రాలు చరిత్రకెక్కగా, గురువు మూకీలు మాత్రం నేడు లభ్యం కావడం లేదు.

పొరుగున ఉన్న బస్తర్‌లో దీనికి విలోమమైన ఉదాహరణ కనిపిస్తుంది. స్వీడన్ దర్శకుడు ఆర్నె సుక్స్‌డార్ఫ్ మురియా గిరిజనులపై తీసిన వర్ణచిత్రం 1957లో విడుదలై నేటికీ నిలిచి ఉన్నది. అందులో ప్రపంచాన్ని ఆకట్టుకున్న గఢ్‌బెంగాల్ బాలుడు చెంద్రూ మాత్రం స్వగ్రామంలో పేదరికంలోనే జీవించి 2013లో మరణించాడు. అక్కడ చిత్రం మిగిలి మనిషి మరుగున పడ్డాడు. ఇక్కడ చిత్రంతోపాటు కర్త కూడా మరుగున పడ్డాడు.

పుణెలో జాతీయ చలనచిత్ర భాండాగారం ఏర్పడింది 1964లో. అప్పటికి ప్రకాశ్ మరణించి 8 సంవత్సరాలు గడచినవి. 1933 నాటి 'మార్తాండవర్మ' గ్రంథహక్కుల వివాదం వల్ల ప్రచురణకర్త వద్ద ఉండిపోయి, ఆ కారణంగానే దక్కింది. ఒక జాతి కళాచరిత్ర ఇటువంటి యాదృచ్ఛికతపై ఆధారపడరాదు. ఆనాటి పత్రికా ప్రకటనలు, సెన్సారు దస్త్రాలు, నిశ్చలచిత్రాలు సేకరించి ప్రకాశ్ కృషిని పునర్నిర్మించడం అవసరం. పితామహుని గౌరవించిన జాతి ఆయన కుమారునికి కూడా ఋణపడి ఉన్నది.