క్షమించేదెవరు? 1951 నాటి రెండు అంతఃపురాలు

యాంగోన్‌లో ష్వెడగాన్ పగోడాకు దక్షిణంగా బర్మా చివరి రాణి సుపయాలత్ సమాధి ఉంది. 1885లో ఆంగ్లేయులు ఆమెను, భర్త తీబా రాజును రత్నగిరికి ప్రవాసం పంపారు. రాజు అక్కడే మరణించాడు. తిరిగివచ్చిన రాణి 1925లో ఈ ఊళ్ళో కన్నుమూసింది. భర్తకు మరో రాణి ఉండరాదని పట్టుబట్టిన స్త్రీగా చరిత్ర ఆమెను గుర్తుంచుకుంది. మెచ్చుకోలుగా మాత్రం కాదు. ఆ సమాధి చూసివచ్చిన రాత్రే జపాను చిత్రం 'గెంజి మొనోగతారి' మరోసారి చూశాను.

1951లో దైయె సంస్థ నిర్మించిన ఈ చిత్రానికి దర్శకుడు కోజబురో యోషిమురా. కొహెయ్ సుగియామా ఛాయాగ్రహణానికి మరుసటి ఏడు కాన్ చిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. దీన్ని ఆ సౌందర్యం కోసమే తలచుకోవడం రివాజు. కాని మురసకి షికిబు వెయ్యేళ్ళ నాటి కథలో ఒక చిక్కుంది: చక్రవర్తి కొడుకైన గెంజికి, తండ్రి ప్రియపత్ని ఫుజిత్సుబోకు పుట్టిన బిడ్డ చక్రవర్తి సంతానంగా పెరిగి సింహాసనమెక్కుతాడు. 1933లో ఈ కథను నాటకంగా ప్రదర్శించబోతే టోక్యో పోలీసులు నిషేధించారు. 1939 నుంచి వెలువడిన తానిజాకి ఆధునిక అనువాదంలో ఈ ప్రణయ ఘట్టాలను తొలగించారు. యుద్ధంలో ఓడి, చక్రవర్తి దైవాంశను వదులుకున్నాక గాని ఈ కథ తెరకెక్కలేదు.

చిత్రంలో గెంజి భార్య అవజి (మచికో క్యో) మరొకరి బిడ్డను కంటుంది. శిశువుది ఎవరి పోలిక అన్న ప్రశ్న ప్రసూతి గది బయట నేను ఎన్నోసార్లు విన్నాను. నవ్వుతూ అడిగినా అందులో ఒక తీర్పు దాగి ఉంటుంది. తాను తండ్రికి చేసినదే తనకు జరిగిందని గ్రహించిన గెంజి ఆమెను క్షమిస్తాడు. ఇక్కడే నాకు అభ్యంతరం. ఆ గ్రహింపు నిజమే అయితే అతడు క్షమాపణ కోరవలసినవాడు. చిత్రం అతణ్ణి ఔదార్యపు పీఠం మీద కూర్చోబెడుతుంది.

మనవాళ్ళను దీనికి మినహాయించలేను. అదే ఏడు డిసెంబరులో విడుదలైన బి.ఎన్. రెడ్డి 'మల్లీశ్వరి'లోనూ ముగింపు రాజు క్షమాభిక్షే. కృష్ణశాస్త్రి మాటలు, రాజేశ్వరరావు సంగీతం, భానుమతి గొంతు కలిసి మనల్ని ఎంతగా కరిగిస్తాయంటే, మల్లి రాణివాసంలో ఎందుకున్నదో మరచి రాయలవారికి చేతులు జోడిస్తాం. ఆమెను నాగరాజు నుంచి విడదీసింది రాయలు పంపిన పల్లకీయే కదా! ఆ పల్లకీ పంపమని మారువేషంలో ఉన్న రాజును అడిగింది నాగరాజే గదా అని మా ఆవిడ వాదన. అడిగినవాడు వేళాకోళానికి అడిగాడు, పంపినవాడు నిజంగా పంపాడు. మల్లిని మాత్రం ఇద్దరూ అడగలేదు.