ఊట దగ్గరే కాపలా

కొండ మీద మా ఊళ్లలో ఊట దగ్గర గుడ్డలు ఉతకనివ్వం, పశువులను దిగనివ్వం. పైన చెడిన నీటిని కింద గెడ్డలో బాగుచేయలేమని మా పెద్దలకు తెలుసు. 1992లో కేంద్రం ప్రకటించిన కాలుష్య నివారణ విధానం కూడా ఇదే చెప్పింది: కాలుష్యాన్ని పుట్టిన చోటే ఆపాలి. మంచి మాట. అది చట్టంలోకి ఎంత దిగింది అన్నదే మా ప్రశ్న.

1974 నీటి చట్టం, 1981 గాలి చట్టం ముఖ్యంగా గొట్టం చివర బయటికొచ్చేదాన్ని కొలుస్తాయి. లోపల ఏ రసాయనం ఎంత వాడుతున్నారు, దాని బదులు తక్కువ విషమున్నది వాడలేరా అని గట్టిగా అడగవు. 2024 ఆగస్టు 21న అచ్యుతాపురం సెజ్‌లోని ఎసైన్షియా కంపెనీలో ద్రావకం ఆవిరి అంటుకుని 17 మంది చనిపోయారు. ఆ విషం గొట్టం చివరిదాకా రానేలేదు. అక్కడ కొలత పెట్టి ఏం లాభం?

పైగా 2023 జన్ విశ్వాస్ చట్టం పర్యావరణ చట్టంలో ఉల్లంఘనకు నేరుగా జైలు అన్నదాన్ని తీసేసి, 10 వేల నుంచి 15 లక్షల రూపాయల జరిమానా పెట్టింది. పెద్ద కంపెనీకి అది ఖర్చుల పద్దులో ఒక వరుస.

ఇప్పుడు మన జిల్లాలోనే నక్కపల్లిలో బల్క్ డ్రగ్ పార్కు వస్తోంది. 2025 జనవరి 8న శంకుస్థాపన జరిగింది. ఇలాంటి పార్కుకు కేంద్రం 1000 కోట్ల దాకా ఇస్తుంది. ఉమ్మడి శుద్ధి ప్లాంటు, ద్రావకాలను తిరిగి రాబట్టే ప్లాంటు ఆ డబ్బుతో కట్టవచ్చు. అవి అవసరమే, కాదనం. కానీ రెండూ విషం వాడాక చేసే పనులే. వాడకమే తగ్గించమనే షరతు ఏది?

అమెరికాలో మసాచుసెట్స్ రాష్ట్రం 1989లోనే ఒక చట్టం తెచ్చింది. విష రసాయనాలు ఎక్కువగా వాడే కంపెనీ తన వాడకాన్ని ఏటా చెప్పాలి, తగ్గించే ప్రణాళిక రాయాలి. అమలు కంపెనీ ఇష్టమే అయినా, లెక్క మాత్రం జనం ముందుంటుంది.

అనకాపల్లి జిల్లాలో మా ఆదివాసీ గ్రామాలు చాలావరకు షెడ్యూల్డ్ ప్రాంతం బయట ఉన్నాయి. 1997 సమతా తీర్పు గానీ, పెసా చట్టం గానీ అక్కడ మాకు అండగా రావు. కింద తీరంలో మత్స్యకారులకూ అలాంటి రక్షణ లేదు. అందుకే పార్కులో ఒక్క ఫ్యాక్టరీ మొదలవకముందే, ఏ రసాయనం ఎంత వాడతారో తెలుగులో రాసి గ్రామసభ ముందు పెట్టాలని, ఏటా ఎంత తగ్గిస్తారో అనుమతి పత్రంలోనే రాయాలని అడుగుదాం. ఫ్యాక్టరీలు నడవడం మొదలయ్యాక అడిగితే, ఇల్లు కాలాక నుయ్యి తవ్వినట్టే.