తేదీల వెంట నడిచిన నేర్పు

ఇంటింటి బాధను ఆధారాలతో ప్రజల ముందు నిలబెట్టడం గొప్ప పనితనం. ఎన్డీటీవీ ఇండియా హిందీ వార్తాఛానెల్‌లో పాత్రికేయుడు రవీశ్ కుమార్ నడిపిన ‘ప్రైమ్ టైమ్’ కార్యక్రమం అందుకు నిదర్శనం. 2018లో ప్రభుత్వోద్యోగాలపై వరసగా చేసిన భాగాలే చూడండి. నోటిఫికేషన్ ఎప్పుడొచ్చింది, పరీక్ష ఎప్పుడు జరిగింది, ఫలితం ఎక్కడ ఆగింది, నియామకపత్రం ఎందుకందలేదు అని తేదీల వెంట నడిచి, ఒక్కొక్క అభ్యర్థి ఎదురుచూపునూ ప్రభుత్వం జవాబు చెప్పవలసిన ప్రశ్నగా మార్చారు. ఇది ఏకపక్షమని కొందరంటారు. కానీ తేదీకి పార్టీ ఉండదు. తప్పయితే కాగితం చూపి కాదనవచ్చు. రోజూ అదే గోడు విసుగని మరికొందరంటారు. గోడు తీరనంతకాలం విషయం పాతబడదు కదా! వదలకుండా అడిగే ఆ ఓపికే పాత్రికేయ వృత్తిలోని అసలు విద్య. 2019లో ఆయనకు రామన్ మెగసెసే పురస్కారం దక్కింది. లోలోపల కుమిలిపోయే యువతకు తమ నిరీక్షణ తమ తప్పు కాదన్న ధైర్యం దక్కింది.